రేవు దిగువ నీళ్ళు

శనివారం, పొద్దున ఏడుంపావు. సమయం ఇంత కచ్చితంగా ఎలా చెప్పగలనంటే, పెద్దింటి వెనక వసారాలో ఒక గోడ గడియారం ఉండేది. మా ఇంట్లో గడియారం లేదు. మాసిన బట్టల మూట తెచ్చుకోవడానికి అమ్మ వెంట వెళ్ళినప్పుడల్లా ముందు దాని ముఖం చూసి, ఆ తర్వాతే మనుషుల ముఖాలు చూసేదాన్ని. వాళ్ళ మూట రోజు శనివారం. ఆ శనివారం మూట మీద ఒక రేకు డబ్బా కూర్చుని ఉంది. ఆ ఇంటి యజమానురాలు కోటమ్మగారు దాన్ని రెండు చేతులతో ఎత్తి అమ్మకిచ్చింది.

"ఇదుగో గురవా, సబ్బుపొడి. మా అబ్బాయి డ్యాము కాలనీ నుంచి పంపాడు. వాడి తెల్ల ప్యాంట్లు దీంతోనే ఉతకాలంట. మీ చవుడు కంపు పడటల్లేదంట వాడికి."

"చవుడుకి కంపేందమ్మగారూ? ఉబ్బ తీసి ఆరేసినాక ఎండ వాసనేగా వచ్చేది."

"నాకేం తెలుసే. ఓవర్సీరు అయినకాణ్ణించి వాడి ముక్కు పెరిగింది."

అమ్మ నవ్వింది. కోటమ్మగారూ నవ్వింది. ఆమె చెడ్డమనిషి అని ఎవరైనా అంటే నేను ఒప్పుకోను. ఆ డబ్బా వల్ల ఏం జరగబోతోందో ఆ వసారాలో ఉన్న ముగ్గురిలో ఎవరికీ తెలియదు.

మేము చాకలివాళ్ళం. అమ్మ పేరు గురవమ్మ, నాన్న పేరు ఆదెయ్య. గురజాలకు నడిచి పోగలిగినంత దూరంలో మా ఊరు, ఊరికి పడమట మా వాగు. సాగర్ కట్ట లేస్తున్న రోజులు, ఇంకా కాలువ నీళ్ళు రాని రోజులు. నేను ఎనిమిదో తరగతి. తర్వాత లెక్కల టీచర్నయి సత్తెనపల్లిలో రిటైరయ్యాను. అలవాటు కొద్దీ అన్నిటికీ లెక్క కడతాను. నా దగ్గర లెక్క లేనిచోట లేదని రాస్తాను, ఊహించి అంకె వేయను.

పోయిన నెల ఊళ్ళో తమ్ముడి ఇంటికి వెళ్ళినప్పుడు వాగు చూసొస్తానంటే వాడు చెప్పులు కూడా తొడుక్కోలేదు. "ఏందక్కా, అక్కడ చూడ్డానికేముంది? ముక్కు మూసుకుని పోవాల్సిందే," అన్నాడు. ఒక్కదాన్నే వెళ్ళాను. మడుగు ఉండాల్సినచోట గట్టు నుంచి గట్టుకి గుర్రపుడెక్క పరుచుకుని ఉంది. ఊరి సైడు కాలువలన్నీ కలిసి ఒక సిమెంటు గొట్టంలోంచి పడుతున్నాయి. ఆ పడేచోట నురుగు మోకాలెత్తు లేచి, గాలికి ముక్కలై, తుమ్మ కొమ్మలకు తట్టుకుని వేలాడుతోంది. ఇంటికో వాషింగ్ మెషిన్ ఉన్న ఊరు మరి. తిరిగి వస్తుంటే కాలికి ఒక నాపరాయి పలక తగిలింది. మట్టి తోసి చూస్తే దాని పక్కన ఇంకో పలక, దాని పక్కన ఇంకోటి, వంకర లేకుండా ఒకే వరసలో. నేను అక్కడే కూర్చుండిపోయాను. అది మా అమ్మ కాలువ.

మా వైపు నేల కింద అంతా నాపరాయే. అందుకని నీళ్ళలో సున్నం ఎక్కువ. ఆ నీళ్ళలో బిళ్ళ సబ్బు రుద్దితే నురగ రాదు. విరిగిన పాలలా తరకలు తేలి, బట్ట నేత సందుల్లో ఇరుక్కుంటాయి. సబ్బులు మా ఊరికి ఆలస్యంగా రావడానికి పేదరికం ఒక్కటే కారణం కాదు, మా నీళ్ళు వాటిని ఒప్పుకోలేదు. మా పని అంతా చవుడుతోనే. ఎండాకాలం నేల మీద తెల్లగా పూసే ఆ మన్నును అమ్మ చీపురుతో ఊడ్చి తెచ్చేది. నీళ్ళలో కలిపి, బట్టలు ముంచి, తడి తడిగానే బాన మీద చుట్లు చుట్లుగా పేర్చి, కింద జొన్న కట్టెతో మంట పెట్టేది. దాన్నే ఉబ్బ వేయడం అంటాం. ఆవిరి పట్టినప్పుడు తడి బూడిద వాసన, మగ్గిన నూలు వాసన, దాంట్లో కలిసి నాన్న కాల్చుకునే పచ్చిమిరపకాయల ఘాటు. నా చిన్నతనం వాసన ఏదంటే అదే. ఉబ్బ దించాక మిగిలిన చవుటి నీళ్ళను అమ్మ రేవు పక్కన గాడిలో వదిలేది. అవి కాసేపు నిలిచి, మన్ను అడుక్కి పోయి, పైతేట మడుగులోకి జారేది. మా అమ్మమ్మ కాలం నుంచీ అంతే. మన్నుతో ఉతికాం, మన్ను మన్నులో కలిసింది, అంతటితో సరి.

ఇక్కడే మా వాళ్ళు చేసిన పొరపాటు ఉంది. సబ్బుపొడిని కూడా అమ్మ ఒక రకం చవుడనే అనుకుంది. తెల్లగా ఉంది, చేతికి జారుడుగా ఉంది, నీళ్ళలో వేస్తే వేడెక్కుతోంది. చవుడు ఎన్ని దోసిళ్ళు వేస్తుందో పొడీ అన్ని దోసిళ్ళు వేసింది. మొదటిరోజు బాన మీద నుంచి నురుగు పొంగి, పొయ్యి ఆరిపోయి, గాడిదల కాళ్ళదాకా పారింది. నాన్న పరిగెత్తుకుంటూ వచ్చి, "ఏందే గురవా, ఊరి పెరుగు కుండలన్నీ ఈడే పగలగొట్టారా?" అన్నాడు. గాడిద ఒకటి దాన్ని నాకి తుమ్మింది. ఆ నవ్వుల మధ్య నురుగు గాడిలోంచి మడుగులోకి దిగిపోయింది. ఓవర్సీరుగారి ప్యాంట్లు మాత్రం కళ్ళు చెదిరేలా తేలాయి. మా సున్నపు నీళ్ళలో నురుగు రావడం ఊళ్ళో ఎవరూ చూడలేదు. చూడటానికి ఆడవాళ్ళు రేవుకి వచ్చారు.

ఆ తర్వాత డబ్బాలు ఒక్కటొక్కటిగా మిగతా ఇళ్ళ మూటల మీదికీ వచ్చాయి. డ్యాము పనికి పోయిన ప్రతివాడూ ఇంటికొస్తూ ఒకటి పట్టుకొచ్చాడు. అమ్మకి అది వరమే. బండ మీద బాదే బాదుళ్ళు సగానికి తగ్గాయి. చవుడు తిని పగుళ్ళు బారిన అరచేతులు ఆ చలికాలం కాస్త కూడుకున్నాయి. రాత్రి అన్నం కలిపేటప్పుడు కారం తగిలి "స్స్" అనడం మానేసింది. ఇది రాయకపోతే తర్వాత ఆమె వదులుకున్నది ఎంతో మీకు తెలియదు.

మాఘం దాటాక వాగు పారడం ఆగి మడుగులుగా విడిపోతుంది. పై మడుగు మా రేవు. దానికి దిగువన ఇంకోటి. ఆ నీళ్ళు కింద పల్లె వాళ్ళవి. ఆ పల్లెలో క్రైస్తవ కుటుంబాలు, చాలామంది నాపరాళ్ళ క్వారీల్లో కూలికి పోయేవాళ్ళు. ఊరి బావి వాళ్ళకు లేదు. వానలు పడేదాకా తాగడానికీ వండుకోవడానికీ ఆ దిగువ మడుగు ఒక్కటే దిక్కు. వాళ్ళ బట్టలు మేము ఉతకకూడదని ఊరి కట్టుబాటు. మేము ఉతికిన నీళ్ళు వాళ్ళు తాగవచ్చు. నలభై ఏళ్ళ దాకా లెక్కలు చెప్పిన నాకు ఆ లెక్క మాత్రం ఇప్పటికీ కుదరలేదు.

ఆ ఎండాకాలం దిగువ మడుగు ముందు లేత పచ్చగా మారింది. నారుమడిలా ఉందని మేము పిల్లలం ముచ్చటపడ్డాం. పది పదిహేను రోజుల్లో పైన చాప పరిచినట్టు పాచి పట్టింది. కర్రతో ఎత్తితే గొంగళిలా లేచేది. తర్వాత అది గోధుమరంగుకి తిరిగి, కుళ్ళిన కూరగాయల వాసన మొదలైంది. ఒకరోజు తెల్లవారి మేము గాడిదలతో వెళ్ళేసరికి మడుగు అంచంతా వెండి పూత పూసినట్టు మెరుస్తోంది. దగ్గరికెళితే చేపలు. పరకలు, బేడిసలు, కడుపులు పైకి తిరిగి. కొర్రమీలు మాత్రం నీటిపైకి మూతులు పెట్టి గాలి మింగుతున్నాయి.

"ఎండ దెబ్బ," అన్నాడు నాన్న. "ఏటేటా చావట్లా?"

"ఏటా నాలుగు చస్తయి. ఇన్ని చస్తయ్యా?" అంది అమ్మ. ఎందుకు చస్తున్నాయో అప్పటికి ఆమెకీ తెలియదు.

తెలిసింది గోంగూర వల్ల. ఉబ్బ గాడి పక్కన ఎప్పటినుంచో నాలుగు గోంగూర మొక్కలుండేవి. చవుటి నీళ్ళు తగిలి ఏటా గిడసబారి, మోకాలి కిందే ఆగిపోయేవి. ఆ ఏడు అవి నా భుజాల దాకా లేచాయి. ఆకు అరచెయ్యంత. నాన్న సంబరపడి కోసుకొచ్చి పచ్చడి నూరించాడు. మధ్యాహ్నం రేవు మీద తుమ్మచెట్టు నీడన కూర్చుని జొన్నన్నంలో ఆ పచ్చడి కలుపుకుంటూ అమ్మ చెయ్యి ఆపింది.

"ఏమయ్యా, ఇది ఏం తిని ఇంత లావైంది?"

"ఏం తింటే ఏందే, మనం తింటన్నాంగా."

"చవుడు తిన్నన్నాళ్ళు పెరగలా. ఎరువు కూడా ఎయ్యలా." ఆమె గాడి వైపు చూసింది, గాడి వెంబడి మడుగు వైపు చూసింది, మడుగు మీది పాచి వైపు చూసింది. "ఇది తిని గోంగూర లావైతే, పాచి మాత్రం ఎందుకు లావవదు?"

నాన్న ముద్ద తిరిగి గిన్నెలో పెట్టాడు. ఆ మాట నిజమైతే రేపు పెద్దింటికి ఏం చెప్పాలో అతనికి వెంటనే తట్టింది.

చాలా ఏళ్ళ తర్వాత మా బళ్ళో సైన్సు చెప్పే ఒకామెకు ఇదంతా చెబితే ఆమె విడమరిచి చెప్పింది. పొడిలో ఫాస్ఫేటు ఉంటుంది. నీళ్ళలోని సున్నాన్ని అది పట్టేసుకుంటుంది, అందుకే మా నీళ్ళలోనూ నురుగొచ్చింది. రైతులు పొలానికి వేసే సూపరు ఎరువులో ఉండేదీ ఫాస్ఫేటే. గోంగూరకైనా పాచికైనా అది తిండే. తెగబలిసిన పాచి చచ్చి కుళ్ళేటప్పుడు నీళ్ళలో ఉన్న గాలినంతా వాడేసుకుంటుంది. తెల్లవారుజామున ఆ గాలి మరీ తక్కువ, అందుకే చేపలు ఆ వేళ తేలతాయి. ఆ ఏడు ఎండలు కూడా ముదిరాయి, వాగు ముందే ఆగింది. పొడి ఒక్కటే చేసిందని నేను రుజువు చేయలేను. కానీ అమ్మ రుజువు కోసం ఆగలేదు. అన్నం గిన్నె మూతపెట్టి లేచి, ఆ ఎండలోనే కింద పల్లెకు నడిచింది. నేను వెనకాలే వెళ్ళాను. మా ఇంటి ఆడమనిషి ఆ పల్లెలోకి అడుగుపెట్టడం నేను చూడటం అదే మొదటిసారి.

మార్తమ్మ అనే పెద్దావిడ మడుగులో పాచిని చేత్తో పక్కకు తోసి కుండ ముంచుతోంది.

"మార్తమ్మక్కా, ఆ నీళ్ళు ముంచబాక."

"ముంచక ఏం తాగమంటావే, నీ చెమటా?"

"పొడి కలిసింది అందులో. మా రేవులోదే. తెలీక వదిలాం."

మార్తమ్మ కుండ చంకన పెట్టుకుని నిలబడింది. "ఇన్నేళ్ళు మీ ఊరోళ్ళ మురికి తాగాం. అప్పుడు రాలా, ఇప్పుడొచ్చావేందే చెప్పటానికి?"

నేను అమ్మ ముఖం వంక చూస్తూ, కోపంతో వెనక్కి తిరుగుతుందేమో అనుకున్నాను. ఆమె చెంగుతో ముఖం తుడుచుకుని అంది: "ఆ మురికి అడుక్కి పోయేది. ఇది పోటల్లా. మా రేవుకి ఎగువన ఇసక మంచిది. చెలమ తీసుకోండి. మీ కుండలు ఆడికే తెచ్చుకోండి."

"ఎగువకా? మీ ఊరోళ్ళు ఊరుకుంటారా?"

"రేవు నాది. ఊరోళ్ళది కాదు."

మార్తమ్మ చంకలోని కుండ వంచి నీళ్ళు నేల మీద పారబోసింది.

శనివారం వచ్చింది. అదే వసారా. అమ్మ మూట ఎత్తుకుని, దాని మీది డబ్బా మాత్రం తీసి మెట్టు మీద పెట్టింది.

"పొడి వద్దమ్మగారూ. చవుడుతో ఉతుకుతా. తెల్లదనం తగ్గితే అప్పుడు అడగండి నన్ను."

సంగతంతా విని కోటమ్మగారు ముక్కున వేలేసుకుంది. "నాలుగు చేపలు చచ్చాయనా? నీళ్ళు దేవుడివి, బట్టలు మావి, పొడి మాది. మధ్యన నీదేందే, చేతులేగా?"

"చేతులే నాయి. అందుకే వద్దంటన్నా."

"అయితే మూట కూడా అక్కడే పెట్టు. చాకలోళ్ళు నువ్వొక్కదానివే కాదు."

అమ్మ మూట దించింది. ముడి వదులైతే బిగించి మరీ దించింది. పెద్దింటి మూట అంటే మాకు ఒక మూట కాదు. కల్లంలో వాళ్ళిచ్చే జొన్నలు, రోజూ సాయంత్రం మా గిన్నెలో పడే అన్నం, పప్పు, పండగ నాటి బూరెలు. ఆ సాయంత్రం నాన్న గిన్నె పట్టుకుని వీధుల వెంట తిరిగి వచ్చాడు. గిన్నె తేలిక అని నడకలోనే తెలిసింది. "ఇయ్యాల గోంగూర ఉందిగా," అన్నాడు.

తర్వాతి ఆదివారం చర్చి అయ్యాక పల్లె నుంచి మగవాళ్ళు గడ్డపారలతో వచ్చారు. మేము పిలవలేదు. "మా నీళ్ళ పని, మేం చెయ్యకపోతే ఎట్టా?" అంది మార్తమ్మ. పొడి ఇచ్చే ఇళ్ళు ఇంకా ఉన్నాయి, అందరినీ వదులుకుంటే మేము బతకలేం, అందుకని వాడిన నీళ్ళు మడుగులోకి పోకుండా గట్టు మీద ఉన్న పోరంబోకు వైపు మళ్ళించాలని మాట్లాడుకున్నారు. క్వారీ మనుషులు వాళ్ళు. రాయి ఎక్కడ చీలుతుందో గోరుతో గీసి చెప్పగలరు. క్వారీలో పారేసిన పలకలు మోసుకొచ్చి గాడి పొడుగునా అడుగున ఒకటి, పక్కలకు రెండు పరిచారు. నాన్న వాలు చూసుకుంటూ ముందు నడిచాడు. నేను సజ్జరొట్టెలు అందించాను. అమ్మ ఎవరినీ కుదురుగా ఉండనివ్వలేదు. "ఆ పలక వంకర పోయింది. తియ్యి అన్నా, మళ్ళా పెట్టు," అంటే, పెట్టినవాడు నవ్వి, "ఏంది చెల్లే, దీంట్లో పెళ్ళికొడుకుని ఊరేగిస్తావా?" అన్నాడు. అయినా తీసి మళ్ళీ పెట్టాడు. మొన్న నా కాలికి తగిలిన వరస అందుకే వంకర లేకుండా ఉంది.

కాలువ కొసన గోంగూర, తర్వాత అరటి వేశాం. సగం పల్లెకు, సగం మాకు. అరటి గెల మోయడానికి ఇద్దరు కావలసి వచ్చేది. ఇంకో ఊరి చాకలిని పెట్టుకున్న కోటమ్మగారు కూడా, "గోంగూర మాత్రం పంపించవే" అని కబురు పెట్టింది. అమ్మ పంపింది. కాలువ ఉంది కదా, ఇక పొడి ఎంతైనా వాడొచ్చు కదా అని నాన్న ఒకసారి అడిగాడు. "పెద్ద వాన పడితే కాలువ పొర్లదా?" అంది అమ్మ. కావాలన్న ఇళ్ళకు తప్పక చిటికెడు వాడింది. తన ఇష్టమున్నచోట మళ్ళీ చవుడే. ఆమె అరచేతులు మళ్ళీ పగిలాయి. అన్నం కలిపేటప్పుడు మళ్ళీ "స్స్" వినబడింది.

ఆ ఏడు క్రిస్మస్ ముందు మార్తమ్మ పట్టపగలు, అందరూ చూస్తుండగా, తన తెల్లచీర మడిచి పట్టుకుని రేవుకి వచ్చింది. వచ్చింది గానీ చాచి ఇవ్వలేదు. చెంగు పట్టుకుని నిలబడింది. నాన్న అమ్మ చెవిలో, "ఊరు ఊరుకుంటదంటావా?" అన్నాడు.

"మన నీళ్ళు తాగినోళ్ళు. వాళ్ళ బట్టకేం వచ్చింది?" అని గట్టిగానే అని, అమ్మ చెయ్యి చాచింది. ఆ చీర మా బానలో, పొడి చిటికెడైనా లేకుండా, చవుడుతో ఉడికింది. దాని తెలుపు నేను చూశాను. ఓవర్సీరుగారి ప్యాంట్లూ చూశాను. రెండూ చూసిన మనిషిగా చెబుతున్నాను, చీరే తెల్లగా ఉంది. నేను ఇప్పటికి చాలా బహుమానాలు అందుకున్నాను, సన్మానాలకు వెళ్ళాను. గర్వం అంటే నాకు గుర్తొచ్చేది మాత్రం ఆ చాచిన చెయ్యే.

అంతకుముందే వానాకాలంలో వాగు పొంగి పాచిని తుడిచిపెట్టుకుపోయింది. మరుసటి ఎండాకాలం దిగువ మడుగు అడుగున గులకరాళ్ళు కనిపించాయి. పరకలు తిరిగొచ్చాయి. తర్వాత సాగర్ కాలువ నీళ్ళొచ్చాయి, ఆ తర్వాత పంపులు, ఆ తర్వాత ఇంటింటికీ సబ్బుపొడి పొట్లాలు. అమ్మ ఉన్నంతకాలం రేవు నడిచింది. ఇప్పుడు ఊరికి చాకలి అవసరం లేదు. ఉతికిన నీళ్ళు ఎటు పోతున్నాయని తమ్ముడి కోడలిని అడిగితే, "గొట్టంలోకి అత్తమ్మా," అంది. గొట్టం తర్వాత ఎటు అంటే నా వైపు వింతగా చూసింది. ఆమె తప్పేం లేదు. గొట్టం అవతల ఎవరు కుండ ముంచుతున్నారో చూడాల్సిన అవసరం ఆమెకు రాలేదు. మా అమ్మకు రోజూ కనిపించేవాళ్ళు.

పోయినవి రాస్తున్నాను. పొడి వద్దన్నందుకు పెద్దింటి మూట. పల్లెను ఎగువకు రానిచ్చి, మార్తమ్మ చీర ఉడికించినందుకు ఇంకో రెండిళ్ళు. సాయంత్రం గిన్నెలో మూడిళ్ళ అన్నం. కూడుకున్న అమ్మ అరచేతులు. మడుగులో బేడిసలు, అవి తిరిగి రాలేదు. కింద పల్లెకు ఒక్క ఎండాకాలం నీళ్ళు.

మా అమ్మ చేతుల మీదుగా పోయింది ఇంతే. వాగు ఆమె తర్వాత పోయింది.